శవసంస్కారము – చలనచిత్రధ్వని

భారతమున యుద్ధము ముగిసినంతనే పట్టాభిషేకము రాదు. నడుమ స్త్రీపర్వము కలదు. హతులకై స్త్రీలు విలపింతురు, దిక్కులేని శవములకును ధర్మరాజు దహనము చేయించును, పిమ్మటనే రాజ్యము. ఈ క్రమమును తెనుఁగున నిలిపిన తిక్కన నెల్లూరి మనుమసిద్ధి యాస్థానకవి. ఆ నెల్లూరనే జన్మించిన 'ఫిడేలు రాగాల డజన్' కవి తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి (1919–2006), దర్శకుఁడుగాఁ దన తొలిచిత్రమును ఒక శవము చుట్టును నడపుట గమనింపఁదగియున్నది.

'సంస్కార' (1970) అనంతమూర్తి నవల ననుసరించిన కన్నడచిత్రము. అగ్రహారమున ఆచారభ్రష్టుఁడైన నారణప్ప మరణించును. దహనాధికార మెవరిదో తేలక శవము క్రుళ్లును. ప్రాణేశాచార్యుఁడు గ్రంథములు శోధించియు నిర్ణయము కానఁడు. చివరకు ఆ మృతుని తోడుగా నుండిన చంద్రియే రహస్యముగా దహనము చేయించును. మద్రాసు సెన్సారువారు నిషేధించిన యీ చిత్రము, నిషేధము తొలఁగినపిదప జాతీయోత్తమచిత్ర పురస్కారము నందెను. చంద్రి పాత్రధారిణి స్నేహలతారెడ్డి దర్శకుని భార్య. అత్యవసరపరిస్థితియందు 1976లో ఆమె నిర్బంధింపఁబడెను. బెంగుళూరు చెఱలో ఉబ్బసము ముదిరి, పెరోలుపై విడువఁబడిన కొలఁదిదినములకే 1977 జనవరి 20న మరణించెను.

నిర్బంధమే ధ్వనిని పోషించుననియు, స్వేచ్ఛ వచ్చినంతనే వ్యంగ్యము వాచ్యమై కళ పలుచనగుననియు పూర్వపక్షము. స్పెయిను చిత్రములను దీనికి నిదర్శనముగాఁ జూపుదురు. ఎరిసె 1973 నాఁటి చిత్రమున అంతర్యుద్ధానంతరపు పల్లెలో ఒక పలాయితుఁడు కాల్చఁబడును. వానిని వెదకునది పసిబిడ్డ యొక్కతెయే. ఫ్రాంకో 1975 నవంబరు 20న మరణించెను. మఱుసటి సంవత్సరము వెలువడిన సౌరా చిత్రమున, సైనికాధికారియైన తండ్రి శవమును ముద్దిడుటకు బాలిక నిరాకరించును. రెండును ధ్వనిప్రధానములే.

కాని యీ పక్షము నిలువదు. 'సంస్కార' నియంతృత్వమున పుట్టినది కాదు. అందును ధ్వని కలదు. మఱియు స్పెయినున 1977లోనే సెన్సారు రద్దయ్యెను. అయినను పిలార్ మీరో 1979లో తీసిన 'కుయెంకా నేరము' 1981 వఱకు విడుదల కాలేదు. ఆమెపై సైనికవిచారణయు నడచెను. బ్రతికియున్నవానిని తామే చంపితిమని యిద్దఱచేత హింసించి యొప్పించిన యథార్థకథ యది. అచట శవమే లేదు. అధికారమే శవమును కల్పించెను. దీనిని వాచ్యముగాఁ జెప్పుటయే ఉచితము.

కాఁబట్టి ధ్వనికి మూలము భయము కాదు, సంస్కారము నొందని మృతుఁడు. స్పెయిను 1977 క్షమాశాసనముతో గతనేరముల విచారణను మూసెను. నియంత శవమును స్మారకమందిరమునుండి తొలగించుటకు 2019 అక్టోబరు వఱకు పట్టెను. స్త్రీపర్వమును దాఁటి పట్టాభిషేకమునకుఁ బోయిన రాజ్యమునకు ఆ పర్వమును గుర్తు చేయుటయే యిట్టి చిత్రముల ప్రయోజనము.