హాస్యనటుఁడు పద్మనాభము: ఒక విమర్శ

కావ్యనాటకములను విచారించు పత్రికయందుఁ జలనచిత్రనటుని ప్రసక్తి యేల యని కొందఱు శంకింపవచ్చును. భరతముని హాస్యమును శృంగారమునకుఁ బిమ్మటనే పరిగణించి, దాని విభావములను, ఆఱు భేదములను వివరించియున్నాఁడు. అట్టి రసమును బహుకాలము తెలుఁగువారికిఁ బంచిపెట్టినవాఁడు మన కడపమండలమువాఁడే యైయుండఁగా, ఆతని కృషినిగూర్చి మనము మౌనము వహించుటయే దోషమని నా తలంపు.

బసవరాజు వెంకటపద్మనాభరావు పులివెందుల తాలూకా సింహాద్రిపురమున 1931వ సంవత్సరము ఆగస్టు 20వ తేదిని జన్మించెను. పద్యములు పాడుట బాల్యముననే యలవడినది. కన్నాంబ, కడారు నాగభూషణముగార్ల యాశ్రయము లభించుటచేఁ జిత్రరంగముఁ జేరి, 1945లో వెలువడిన 'మాయాలోకము'న నటించెను. 1951 నాఁటి 'పాతాళభైరవి'లో మాంత్రికుని శిష్యుఁడు సదాజపుఁ డీతఁడే. ఆ చిత్రమును నిర్మించినవారిలో నొకరైన బి. నాగిరెడ్డిగారును గడపమండలమువారే. సదాజపుఁ డనఁగా 'ఎల్లప్పుడు జపము గలవాఁడు' అని బహువ్రీహి. జపము నోటను, గురుభయము కన్నులను నుండుటయే యచ్చటి హాస్యము. సమాసము కనఁబడినచో విగ్రహవాక్యము చెప్పక విడువలేకుండుట వైయాకరణుల దౌర్బల్యము; పాఠకులు క్షమింతురు గాక.

ఆకారము, వేషము, వాక్కు, చేష్ట అనువాని వికృతి హాస్యమునకు విభావమని శాస్త్రము. మన చిత్రములలోని హాస్యగాండ్రు పెక్కండ్రు మొదటి రెంటినే నమ్ముకొనిరి. పద్మనాభమునకును బొట్టితనము మూలధనమే. 1966లోఁ దాను నిర్మించిన చిత్రమునకు 'పొట్టి ప్లీడరు' అని పేరిడుటయే యిందులకు సాక్ష్యము. కాని యాతని నిజమైన బలము వాక్కునందున్నది. ఎంత వేగముగాఁ బలికినను నక్షరము మ్రింగఁబడదు. పద్యము చదివిన కంఠముగదా. ప్రొద్దుటూరిలోఁ బాఠము చెప్పునపుడు మహాప్రాణములు పలుకలేని విద్యార్థులకు నే నీతని చిత్రములఁ జూడుఁడని యొకటి రెండుమాఱులు చెప్పితిని. వారు నవ్విరి.

దోషమును జెప్పవలెను. స్మితహసితము లుత్తములకు, విహసితోపహసితములు మధ్యములకు, అపహసితాతిహసితము లధములకుఁ జెప్పఁబడినవి. పద్మనాభము కొన్ని చిత్రములలో మొదటి మెట్టుననుండి యొక్కగంతునఁ గడపటి మెట్టునకు దూఁకును. అయినను దీనికి నటునికంటెఁ గథకుఁడే యెక్కుడు బాధ్యుఁడు. శాకుంతలమున ద్వితీయాంకములో దుష్యంతుఁడు మాధవ్యుని నగరమునకుఁ బంపుచు, శకుంతలపై ననురాగము పరిహాసమేయని చెప్పును. విదూషకుఁ డది నమ్మి యూరకుండుటచేతనే పిదపటి కథ నిలిచినది. మన చిత్రములలోనో హాస్యఘట్టములను గత్తిరించి పాఱవైచినను నితివృత్తమునకు లోటు రాదు. వేఱుకుంపటి హాస్యమున నటుఁ డేమి చేయఁగలఁడు? గట్టిగా నఱచును.

ఈ కొఱఁత నాతఁ డెఱుఁగునని యాతని నిర్మాణములే చెప్పుచున్నవి. 1965లో 'దేవత' తీసిన పిదప, 1967లో 'శ్రీశ్రీశ్రీ మర్యాదరామన్న'యందు హాస్యగానినే నాయకునిఁ జేసెను. ఎస్. పి. కోదండపాణి సంగీతమున ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యము మొట్టమొదట పాడిన చిత్ర మిదియే. 1966 డిసెంబరు 15వ తేదిని ఆ పాట ముద్రితమైనది. ఆ కంఠమునకుఁ దొలిద్వారము తెఱచినవాఁ డొక హాస్యనటుఁ డనుట మఱవరాదు.

ఇంక 1970 నాఁటి 'కథానాయిక మొల్ల'. వాణిశ్రీ మొల్లగా నటించినది. దర్శకత్వమును బద్మనాభమే వహించెను. దానికి బంగారు నంది లభించినది. నవ్వించుటకే పుట్టినాఁ డనుకొన్నవాఁడు కవయిత్రికథను జేపట్టుట సాహసము. నా కది మిక్కిలి ప్రియము. కాని పరిశోధకునకుఁ జిక్కు లిచ్చటనే మొదలగును. చిత్రముఁ జూచినవారు కథానాయికనే చరిత్రలోని మొల్లగా గ్రహించుచున్నారు. మొల్ల తన రామాయణావతారికలో దండ్రి ఆతుకూరి కేసయయనియు, గోపవరపు శ్రీకంఠమల్లేశ్వరుని కృపచేఁ గవిత్వ మబ్బెననియు మాత్రమే చెప్పికొన్నది. కృతిని రామున కర్పించినదే కాని రాజునకుఁ గాదు. రాయలసభను గూర్చిన ముచ్చట లన్నియుఁ జెవినుండి చెవికి వచ్చినవి. తనకు శాస్త్రములు తెలియవని యామె చెప్పినమాట వినయమేకాని వాస్తవము కాదు. గ్రంథములో సంధిసమాసములు నడచిన తీరే సాక్షి. చిత్రకారుఁడు కథ నల్లుట తప్పు కాదు. అల్లికను మూలముగాఁ జూపి వాదించుట మన తప్పు.

ఆ గోపవరము బద్వేలు చెంతనున్నదని మనవారును, నెల్లూరి సీమలోని దని మఱికొందఱును వాదింతురు. పద్మనాభము 2010 ఫిబ్రవరి 20వ తేదిని జెన్నపురిని దివంగతుఁడయ్యెను. నేఁటికిని జమ్మలమడుగునుండి వచ్చు విద్యార్థు లెవరైన "అయ్యవారూ, మొల్ల రాయలసభకుఁ బోయినదా?" యని యడుగుదురు. నే నవతారిక తెఱచి, మొదటినుండి చదువుమందును.