గ్యారంటీ అడిగితే

'నత్తి మాయం', 'మూడు నెలల్లో మాటలు, గ్యారంటీ'. ఇలాంటి బోర్డులు చూసినప్పుడల్లా స్పీచ్ థెరపిస్టుగా నాకు ఒళ్లు మండుతుంది. రిహాబిలిటేషన్ కౌన్సిల్‌లో రిజిస్టర్ కాకుండా ప్రాక్టీసు పెడితే 1992 నాటి చట్టం ప్రకారం ఏడాది దాకా జైలు, లేదా 1,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. వెయ్యి రూపాయలు! ఆ బోర్డు రాయించడానికే అంతకంటే ఎక్కువ అయి ఉంటుంది.

రిజిస్టరైన మాకూ కొన్ని కట్టుబాట్లున్నాయి. పేషెంటు సంగతులు బయట పెట్టకూడదు, అక్కర్లేని హియరింగ్ ఎయిడ్ అంటగట్టకూడదు. వీటన్నిటికంటే నన్ను ఇబ్బంది పెట్టేది, ఫలితానికి హామీ ఇవ్వకూడదన్న నియమం. అమెరికా స్పీచ్, హియరింగ్ సంఘం నియమావళి అయితే నేరుగానే కాదు, ఆ అర్థం వచ్చేలా కూడా మాట్లాడొద్దంటుంది. కానీ ఎంతవరకు ఆశ పెట్టుకోవచ్చో సబబుగా చెప్పొచ్చని కూడా అక్కడే ఉంది. మావాళ్లు చాలామంది ఈ రెండో ముక్కని మింగేసి, "ఏం చెప్పలేమండీ, చూద్దాం" అంటారు. నన్నడిగితే అది నిజాయితీ కాదు, తప్పించుకోవడం.

ఈ హామీ మాట తప్పించుకోలేని రోజు ఒకటుంటుంది. వినపడని పిల్లలకి చేసే కాక్లియర్ ఇంప్లాంట్ ఆపరేషనయ్యాక కొన్ని వారాలాగి మెషీన్ ఆన్ చేస్తాం. ఆ రోజు ఇంటిల్లిపాదీ స్వీటు డబ్బాతో దిగుతారు. చెవి వెనక ప్రాసెసర్ పెట్టి, కంప్యూటర్లో ఒక్కో ఎలక్ట్రోడ్‌కీ కరెంటు కొద్దికొద్దిగా పెంచుతుంటే పిల్లాడు చేతిలో బొమ్మ వదిలేసి బిక్కమొహం వేస్తాడు. ఒక్కోసారి గుక్కపట్టి ఏడుస్తాడు. ఆ ఏడుపే మాకు కబురు, శబ్దం అందిందని.

"ఇంక మాటలొచ్చేస్తాయి గదమ్మా?" అంది ఒక నాయనమ్మ.

మనవడికి రెండేళ్లు. తల్లి థెరపీ ఒక్క రోజు కూడా మానదు. వచ్చే అవకాశం బాగా ఉందనే చెప్పాను. అయిదారేళ్లదాకా చప్పుడే ఎరగని పిల్లాడైతే అంత ధైర్యంగా చెప్పను. "వాడు వినడం ఇవాళే మొదలెట్టాడు పెద్దమ్మా. చెవి లెక్కన ఇవాళే పుట్టాడనుకోండి. పుట్టగానే ఎవరు మాట్లాడతారు?"

ఆవిడ వేళ్లు మడిచి లెక్కపెట్టుకుంది. "అయితే వచ్చే ఉగాదికి 'అత్తా', 'తాతా' అంటాడన్నమాట!" అని కొడుకు వైపు తిరిగి, "ఊళ్లో మీ నాన్నకి ఫోన్ చెయ్‌రా" అంది.

నేనివ్వని గ్యారంటీ ఆవిడే పుచ్చేసుకుంది.