పొగబండి, ధూమశకటము, రైలుబండి : అర్థవిచారము

కొన్ని నెలల క్రిందట మాయొద్ద పరిశోధనము చేయుచున్న విద్యార్థి యొకడు తాను కూర్చిన పదసూచికను పరిశీలనార్థము తెచ్చి యిచ్చెను. అందు 'ధూమశకటము' అను పదమున కెదురుగా 'పొగబండి, రైలుబండి, రైలు' అని వ్రాసి, ఇవి యన్నియు పర్యాయపదములని ముగించియుండెను. మేమును దానిని చూచి, ఆక్షేపింపదగిన దేమియు కానరాక, సరియని గురుతు పెట్టి పంపితిమి. మరునాడు మాకే సందేహము కలిగినది. 'నిన్న రాత్రి రైలు దిగితిని' అని యొకడు చెప్పినచో వినువాడు ప్రయాణ మెట్లు జరిగినదని యడుగును. 'పొగబండి దిగితిని' అన్నచో ముఖము వంక చూచును. 'ధూమశకటమునుండి దిగితిని' అన్నచో పకపక నవ్వును. ఒకదాని స్థానమున వేరొకటి నిలుపగా నవ్వు పుట్టుచున్నప్పుడు ఆ రెంటిని పర్యాయపదములని యెట్లనగలము? సూచించు వస్తు వొక్కటియే కావచ్చును. అర్థ మొక్కటి కాదు. నాడు మేము పెట్టిన గురుతును కొట్టివేయుటకే ఈ వ్యాసము.

ముందుగా ఈ పదముల వయస్సును విచారింపవలెను. ఏనుగుల వీరాస్వామయ్య 1830-31 సంవత్సరములలో చేసిన కాశీయాత్రను గూర్చిన గ్రంథము 1838లో అచ్చుపడినది. ఆ యాత్ర పల్లకిపై సాగినది; అందు మన పదములకు తావు లేదు. బ్రౌనుదొర తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు 1852లో వెలువడగా, బొంబాయినుండి ఠాణాకు ప్రయాణికుల తొలి రైలు 1853 ఏప్రిలు 16వ తేదిన నడచినది. అనగా ఆ నిఘంటువు మన రైలుకంటె ఒక్క యేడు పెద్దది. మన విద్యార్థులు 'బ్రౌనులో నున్నది' అని సాక్ష్యము చూపుట పరిపాటి. ఏ బ్రౌను? 1852 నాటి కూర్పా, వీరేశలింగము పంతులుగారు మొదలగువారు సంస్కరింపగా 1903లో వెలువడిన కూర్పా? ఈ రెంటి నడుమ ఏబదియొక్క సంవత్సరములు గడచినవి. అందు ఏబది రైలు నడచిన సంవత్సరములు. ఇట్టి పదముల విషయమున కూర్పును పేర్కొనని ప్రమాణము ప్రమాణమే కాదు.

మద్రాసు రాయపురమునుండి 1856 జులై 1వ తేదిన బయలుదేరిన మార్గము కడప, గుత్తి ప్రాంతములమీదుగా సాగి 1871 నాటికి రాయచూరు చేరినది. వాడినుండి సికింద్రాబాదునకు 1874లో రైలు వచ్చినది. బెజవాడయొద్ద కృష్ణపై వంతెన 1893లోను, రాజమహేంద్రవరమునొద్ద గోదావరిపై వంతెన 1900లోను ఏర్పడినవి. ఆధునికవిషయము లన్నియు కోస్తాలో పుట్టి ప్రక్కసీమలకు ప్రాకినవని తలచు అలవాటు మనకు కలదు. ఈ పదముల విషయమున ఆ తలంపు తలక్రిందగును. రాయలసీమ రైతు రైలును చూచిన యిరువది యేండ్లకుగాని గోదావరితీరవాసి తన గుమ్మమునొద్ద దానిని చూడలేదు.

ఇక సమాసస్వరూపము. 'పొగబండి'కి 'పొగచే నడచు బండి' అని విగ్రహము చెప్పి, మధ్యమపదలోపమని ముగించుట మేము చిన్ననాట విన్నదే. పిమ్మట మేమును పాఠములో చెప్పినదే. అది తప్పు. ఆ బండిని నడుపునది పొగ కాదు, ఆవిరి. బొగ్గు మండగా నీరు కాగి, పుట్టిన యావిరి పిస్టనును త్రోయును. ఆ త్రోపుడు చక్రములకు చేరును. బొగ్గు మంటనుండి వెలువడిన పొగయు, పని ముగించిన యావిరియు ఒకే గొట్టముగుండ పైకి పోవును. దూరమునుండి చూచువానికి రెండును పొగయే. కావున 'పొగను విడుచు బండి' యని విగ్రహము చెప్పవలెను. ఈ భేదము స్వల్పమని తోచవచ్చును గాని, ఎవరు ఈ పేరు పెట్టిరో అది చెప్పుచున్నది. ఇంజను నెరిగినవాడు పెట్టిన పేరు కాదిది. పొలముగట్టున నిలిచి, కంటికి కనబడిన దానినిబట్టి పెట్టిన పేరు.

పొరుగుభాషల చూపు ఇట్టిదే యైనను, అన్నిటిది ఒకే వైపునకు లేదు. తమిళులు 'పుగైవండి' యని పొగనే చూచిరి. కన్నడమున 'ఉగిబండి', అనగా ఆవిరిబండి. మలయాళమున 'తీవండి', అది నిప్పుబండి. మరాఠీవారి 'ఆగ్‌గాడీ'యు నిప్పుబండియే. తమిళపదమునుండి మనపదము పుట్టినదని కొందరు చప్పున తేల్చివేయుదురు. పొగకు పుగై, బండికి వండి సజాతీయములే యగుటచే, ఈ సామ్యముమాత్రమే ఆదానమునకు సాక్ష్యము కాజాలదు. ఒకే యింటి యిద్దరు బిడ్డలు ఒకే వస్తువును చూచి ఒకే మాట పలుకుటలో వింత లేదు.

దూరభాషలలో నింకను చిత్రము కలదు. చీనావారు రైలును 'హుఓచె' యందురు, అదియు నిప్పుబండియే. 'ఆవిరి', 'బండి' యను రెండు లిపిసంకేతములను జోడించి జపానువారు 'కిష' యని చదివినచో ఆవిరిరైలగును. ఆ రెండు సంకేతములనే చీనావారు 'చిచె' యని చదివినచో మోటారుకారగును. అవయవములు రెండును సమానమై యుండియు సమాసార్థము వేరగుటకు ఇంతకంటె స్పష్టమైన యుదాహరణము మాకు దొరకలేదు. అవయవార్థముల మొత్తము సమాసార్థము కాదని మన శాస్త్రకారులు 'పంకజ' శబ్దముతో చెప్పినది దీనినే.

ఆ శాస్త్రపరిభాషనే 'పొగబండి'కి అన్వయించి చూతము. పుట్టినపుడు ఇది యౌగికము. పొగయు కనబడినది, బండియు కనబడినది. పిమ్మట లారీలు, మోటారుకార్లు వచ్చినవి. అవియు పొగను విడుచు బండ్లే. కాని వాటి నెవడును పొగబండి యనలేదు. బురదలో పుట్టిన కప్ప పంకజము కానట్లే, పొగ విడుచు లారీ పొగబండి కాలేదు. ఇది యోగరూఢి. మూడవదశ తరువాత వచ్చినది. మన దేశమున 1925 ఫిబ్రవరి 3వ తేదిన బొంబాయిలో విద్యుచ్ఛక్తితో రైలు నడచినది. 1972లో చిత్తరంజనునందు ఆవిరియింజనుల నిర్మాణము ముగిసినది. దార్జిలింగువంటి కొండమార్గములలో తప్ప నేడు ఆవిరియింజను మనకు కానరాదు. విద్యుత్తుతో నడచు రైలును చూపి ముదుసలి యొకతె 'పొగబండి వచ్చె' నన్నచో అక్కడ పొగ లేదు. యోగము చెడినది, రూఢి మిగిలినది. అర్థచరిత్ర వ్రాయగోరు విద్యార్థులకు ఒకే పదమునందు యోగము, యోగరూఢి, రూఢి యను మూడు దశలును వరుసగా కనబడుట అరుదు. మాటకే కాదు, బొమ్మకును ఈ గతియే పట్టినది. కాపలా లేని రైలుగేటును సూచించుటకు రోడ్డుప్రక్కన నాటు ఫలకముపై నేటికిని పొగగొట్టము గల యింజను బొమ్మయే యుండును.

'ధూమశకటము'ను గూర్చి చెప్పవలసినది కొంచెమే. ఇది జనుల నోట పుట్టినది కాదు, కలమున పుట్టినది. పొగబండికి సంస్కృతవేషము వేయగా ఇది యైనది. 'పొగశకట'మన్నచో వైరిసమాసమని పండితులు కోపింతురు గనుక రెండవయవములును మారవలసివచ్చినవి. పద్యమున కొదుగుటకై దీనిని కల్పించిరని చెప్పు వాదము నిలువదు. 'ధూమ' గలము, 'శకట' నగణము, రెండును సూర్యగణములే. కాని 'రైలు', 'బండి' కూడ గలములే. 'పొగబండి' సలమను ఇంద్రగణము. ఆటవెలదికి, తేటగీతికి మూడును ఒదుగును. కావున కారణము ఛందస్సు కాదు, గౌరవము. గ్రాంథికరచనలో 'బండి' యనుటకు చేయి వెనుకాడినది; అంతియే. విచిత్రమేమనగా, గౌరవమునకై పుట్టిన యీ మాట నేడు పరిహాసమునకే మిగిలినది. రైలుస్టేషనును 'ధూమశకటవిరామస్థాన'మని పలికి నవ్వుకొనుట మన కళాశాలలలో వినబడునదే. ఒక రచనలో ధూమశకటము కనబడినచో, రచయిత దానిని నిండుగా పలికెనో నవ్వుచు పలికెనో తేల్చనిదే అర్థము చెప్పరాదు. మా విద్యార్థి పదసూచికలో ఈ రెండు విధములైన ప్రయోగములును ఒకే గూటిలో పడియుండెను.

'రైలుబండి' విషయము వీటన్నిటికంటె లోతైనది. ఇంగ్లీషున రైలనగా ఇనుపకమ్మి. బండి నడచు మార్గమునకు చెందినది. కమ్మిపై నడచు బండి రైలుబండి. ఉత్తరాదివారి 'రేల్‌గాడీ'యు ఇట్టిదే. కాని తెలుగున 'బండి' జారిపోయి 'రైలు' మిగిలినది. మిగిలిన రైలు బండిపేరైనది. 'రైలు వచ్చినది' అన్నపుడు కమ్మి వచ్చినదని యెవడును తలపడు. కమ్మి 'పట్టా' యైనది. దీనికి రుజువు 'రైలుపట్టాలు' అను సమాసమే. రైలునకు కమ్మి యను అర్థమే నిలిచియున్నచో ఇది 'కమ్మికమ్ములు' అయి పునరుక్తిదోషమున పడును. పడలేదనగా, అందలి రైలు బండియే. 'రైలుకట్ట', 'రైలుపెట్టె', 'రైలుగేటు' అనునవియు బండియను అర్థముననే సాగినవి.

మరి రైలుబండి 'రైలు' కాగా, పొగబండి 'పొగ' యేల కాలేదు? 'పొగ వచ్చినది' అన్నచో ఇల్లు తగులబడుచున్నదేమో యని పరుగెత్తుదురు. అన్యదేశ్యము గనుక రైలు నిలిచినదని సమాధానము చెప్పవచ్చును. మేమును మొదట అట్లే యనుకొంటిమి. 'జట్కాబండి' జట్కా యైనది; 'రిక్షాబండి' రిక్షా యైనది; 'గూడ్సుబండి' గూడ్సు, 'మెయిలుబండి' మెయిలు, 'పాసింజరుబండి' పాసింజరు. ఇంగ్లీషున పాసింజరనగా ఎక్కువాడు, మనకు ఎక్కబడునది! 'ఎడ్లబండి' మాత్రము ఎడ్లు కాలేదు, 'గుర్రపుబండి' గుర్రము కాలేదు. ఇంతవరకు సమాధానము సరిపడినట్లే తోచినది. కాని వీధిలోని 'టీబండి' అడ్డు వచ్చినది. టీ అన్యదేశ్యమే, అయినను 'టీ వచ్చినది' అన్నచో బండి వచ్చినదని యర్థము కాదు, గ్లాసు వచ్చినదని యర్థము. కావున అన్యదేశ్యత కారణము కాదు. తెలుగున స్వతంత్రార్థము లేని పూర్వపదమే సమాసార్థమునంతయు మింగగలదు. పొగకు, ఎడ్లకు, టీకి సొంత యర్థములు కలవు. అవి తమ చోటు విడువవు. రైలునకు, జట్కాకు, పాసింజరునకు సామాన్యుని తెలుగున సొంత యర్థము లేకుండెను. ఖాళీ పాత్రలో నీరు చేరినట్లు వాటిలో సమాసార్థము చేరినది.

'మోటారు' పదము దీనికి తోడు సాక్ష్యము. వెనుకటి తరమువారు 'మోటారెక్కి పోయినాడు' అన్నపుడు బస్సో కారో తలపునకు వచ్చెడిది. పల్లెలలో నేడు 'మోటారు వేసినావా?' యని రైతు అడుగుట బావినుండి నీరు తోడు యంత్రమును గూర్చి. అన్నదమ్ములు ఆస్తి పంచుకొన్నట్లు, ఒకే పదమును వేర్వేరు సమాసముల యర్థములు వేర్వేరు కాలములలో పంచుకొన్నవి. 'రైల్వే' మాత్రము రైలుతో కలియక, శాఖకు పేరై నిలిచినది. 'రైల్వేలో ఉద్యోగ'మందురు గాని 'రైలులో ఉద్యోగ'మన్నచో పల్లీలమ్ము వాడు కన్నులకు కట్టును.

జారిపోయిన 'బండి' నశించినదా? లేదు. స్టేషనులో 'బండి ఎన్నింటికి?' అన్నపుడు అది రైలు. పల్లెలో ఎడ్లబండి. పట్టణపు యువకుడు 'బండి తాళము' అన్నచో మోటారుసైకిలు. సమాసమునుండి విడివడి, ఏ చోట నిలిచిన ఆ చోటి వాహనమునకు పేరగుచున్నది. నేడు విద్యుత్తుతో నడచు స్కూటరును పలువురు 'కరెంటుబండి' యనుచున్నారు. నడుపు శక్తినో, కంటబడు గుర్తునో ముందు నిలిపి బండిని వెనుక తగిలించు ఆ పాతపద్ధతి, పొగబండిని కన్న పద్ధతియే, ఇంకను జీవించియున్నది.

ఈ విషయములను మా విద్యార్థితో చెప్పి, సూచికలోని ఆ ఒక్క యారోపమును నాలుగుగా విడదీయుమంటిమి. ప్రతిదానికి కాలము, ప్రయోక్త, ధోరణి వేర్వేరుగా గుర్తింపుమంటిమి. అతడు శ్రద్ధతో విని, ఒక ప్రశ్న వేసెను. 2017 నవంబరులో హైదరాబాదున ప్రారంభమైన దానిని 'మెట్రోరైలు' అని పత్రికలు వ్రాయుచుండగా జనులు 'మెట్రో' అనియే యనుచున్నారు గదా. ఒకనాడు బండిని మింగిన రైలును ఇప్పుడు మెట్రో మింగుచున్నదా? మా సూత్రము ప్రకారము మింగవలసినదే. మెట్రోకు తెలుగున సొంత యర్థము లేదు. అయితే హైదరాబాదుననే 2003నుండి నడచుచున్న ఎం.ఎం.టి.ఎస్. రైలు ఎక్కువాడు దానిని 'రైలు' అనకయే అక్షరములన్నియు పలుకుచున్నాడు. పొడి అక్షరములకు సొంత యర్థ మసలే లేదు గనుక అవియు మింగగలవని మేమంటిమి. అతడు తల యూపి, ఆ రెంటిని గూడ క్రొత్త చీటీలపై వ్రాసికొని పోయెను.