విద్యార్థి ఉద్యమం: నినాదం, నవల

భిలాయి ఉక్కు కర్మాగారానికి చేరువలోనే చరోదా ఉన్నది. రైల్వేను, కర్మాగారాన్ని నమ్ముకొని అక్కడ స్థిరపడిన తెలుగు కుటుంబాలు పెక్కు. సోవియట్ సహకారంతో వెలసిన ఆ కర్మాగారంలో మొదటి బ్లాస్ట్ ఫర్నేసు 1959 ఫిబ్రవరిలో ప్రారంభమైనది. అక్కడి వారికి ఉక్కు అనగా షిఫ్టు సైరను, నెల జీతం. ఏడేండ్ల అనంతరం ఆంధ్రదేశంలో ఆ ఉక్కు కొరకే విద్యార్థులు వీధులకెక్కవలసి వచ్చినది. 1966 నవంబరు 1న విశాఖపట్నంలో పోలీసు కాల్పులకు పలువురు బలియైనారు. ఈ రెండు అనుభవాలనూ ఎరిగిన పాఠకునికి మన ఉద్యమ సాహిత్యంలో ఒక వెలితి తోచక మానదు.

"విశాఖ ఉక్కు ఆంధ్రుల హక్కు" అన్న నినాదానికి బలం ప్రాస. ఉక్కు, హక్కు అను రెండు మాటల మైత్రి ఒక ఆర్థికాభిలాషను ఆత్మగౌరవంగా మార్చినది. నినాదం చేయవలసిన పని అదే. అయితే అందులో ఆంధ్రులందరూ ఉన్నారు గాని, ఫలానా విద్యార్థి లేడు. ఉండవలసిన పనీ లేదు. అతనికి చోటు నవలలో.

1970 ఫిబ్రవరిలో శ్రీశ్రీ షష్టిపూర్తి సందర్భాన విశాఖ విద్యార్థులు కరపత్రం వేసి, రచయితలు ఎవరి పక్షమని నిలదీసినారు. ఆ జూలై 4న విప్లవ రచయితల సంఘం ఏర్పడినది. విద్యార్థుల ప్రశ్న సాహిత్యగతినే మళ్ళించినది. కాని పక్షం తేల్చుకొన్న సాహిత్యం, ప్రశ్నించిన వాని మనస్సులోనికి తొంగిచూచినది తక్కువ. హాస్టలు గదిలో అతనిని బాధించిన సంశయమేమి? మనియార్డరు పంపే తండ్రికి అతడు ఏమని జాబు వ్రాసినాడు?

జపాను సాహిత్యం ఈ దిక్కుగా చూచినది. 1960లో అమెరికాతో భద్రతా ఒడంబడికను ప్రతిఘటిస్తూ టోక్యో విశ్వవిద్యాలయ విద్యార్థిని కాంబా మిచికో జూన్ 15న పార్లమెంటు ఆవరణలో మరణించినది. ఆమె రచనలు ఆ ఏడే గ్రంథరూపం దాల్చినవి. 1964లో అకుతగావా బహుమానం పొందిన షిబాతా షో నవల మరింత లోతునకు పోయినది. 1955లో కమ్యూనిస్టు పార్టీ పంథా మార్చుకొనగా విశ్వాసం చెదరిన విద్యార్థుల కథ అది. ఊరేగింపు కంటె, తరువాత మిగిలిన శూన్యమే అందు ప్రధానం.

విశాఖ కర్మాగారం 1992లో జాతికి అంకితమైనది. 2021లో కేంద్రం దానిని ప్రైవేటుపరం చేయ నిర్ణయించగా పాత నినాదమే మరల మోగినది. నినాదానికి వార్ధక్యం రాలేదు. 1966 నాటి విద్యార్థులకు వచ్చినది. వారి సంశయాలు, భయాలు, రాజీలు వారితోనే పోకముందే నవలకెక్కవలె. అట్టి నవల వచ్చిననాడు, ఉక్కు చెంతనే బ్రతుకు గడిపిన చరోదా పాఠకుడు దానిని పరాయి కథగా చదువడు.