కన్యాశుల్కమున ధనవ్యామోహము

గురజాడ అప్పారావుగారి 'కన్యాశుల్కము'ను సంఘసంస్కరణ నాటకమనుట పరిపాటి. అది సత్యమే గాని సమగ్రము కాదు. 1892లో విజయనగరమున తొలిసారి ప్రదర్శింపబడి, 1897లో అచ్చుపడి, 1909లో పెంపొంది వెలువడిన ఈ నాటకమున కథ నడపునది రూపాయి.

తొలికూర్పు పీఠికలో కవి యిచ్చిన లెక్కలు చూడదగినవి. విజయనగర ప్రభువు విశాఖపట్టణ మండలమున సేకరింపించిన జాబితాలో మూడేండ్ల శుల్కవివాహములు 1,034. అందు ఐదేండ్ల బాలికలవి 99. ఏడాది పసికందులవి మూడు. ఆ పసికందుల వెల 350 మొదలు 400 రూపాయలవరకు! ఇట్టి పట్టికనుండి కవి హాస్యమును పుట్టించుట సాహసమే.

అగ్నిహోత్రావధాన్లు పెద్దకూతురు బుచ్చమ్మను అమ్మి, ఆమె వితంతువైనను బుద్ధి తెచ్చుకొనక, సుబ్బిని వృద్ధుడగు లుబ్ధావధాన్లకు కట్టబెట్టబూనును. తాను చేయునది పాపమని అతనికి తోచనే తోచదు. హాస్యమంతయు అందే యున్నది. చేతికందిన సొమ్ము అతడు దాచుకొనడు, వ్యాజ్యములకు ధారపోయును. అతని మాటతీరు కళింగాంధ్రముది. 1936లో ఒడిస్సాలో చేరిన గంజాము తెలుగువారికి అది ఇంటిపలుకే.

లుబ్ధావధాన్ల జబ్బు వేఱు. చౌకబేరమున కాశపడి, కుదిరిన సంబంధమును వదలి, ఆడువేషము వేసిన కుఱ్ఱవానిని కొని పెండ్లాడును. పిసినారి లాభము చూచుకొన్నచోటనే మునుగుట ప్రహసనకర్తలకు పాత యుక్తి. ఐనను ఇచట నష్టము వెంట హత్యాభియోగము గూడ వచ్చుటతో, నవ్వుచున్న ప్రేక్షకుడు ఉలికిపడును. రామప్పపంతులు, గిరీశముల సంగతి అందఱెఱిగినదే.

విమర్శకుల దృష్టి మఱికొంత నిలువవలసినది మధురవాణిపై. ధనార్జన ఆమె కులవృత్తి. ఎరువిచ్చిన కంటె కొఱకు ఆమె పట్టిన పట్టు చూచి, ఈమెయు ఆ గుంపులోనిదే యనుకొందుము. తుదకు లుబ్ధావధాన్లను కాపాడు రహస్యమునకు సౌజన్యారావు పంతులవద్ద ఆమె అడిగిన వెల రూపాయలు గాదు, ఒక ముద్దు. ఆయన నియమము చెడునని దానిని గూడ తానే వలదనును. శ్రోత్రియులు బిడ్డలకు వెలగట్టిన నాటకమున వెల వదలుకొన్నది వెలయాలు.

ఆచారము మాఱి శుల్కము వరునివైపు మరలినపిమ్మట కాళ్లకూరి నారాయణరావుగారు 'వరవిక్రయము' వ్రాసిరి. అందలి లింగరాజు లోభము కడుపుబ్బ నవ్వించును. కాని అప్పారావుగారి సుబ్బికి పెండ్లి తప్పినది. నారాయణరావుగారి కాళింది, కట్నపు పెండ్లి తప్పించుకొనుటకు, నూతిలో పడి మరణించినది.