పాట తెలిసిన దర్శకుడు

సింగపూర్‌లో బలెస్టియర్ రోడ్డు పక్కన జలాన్ అంపాస్ అనే చిన్న వీధి ఉంది. షా బ్రదర్స్ వారి మలయ్ ఫిల్మ్ ప్రొడక్షన్స్ స్టూడియో అక్కడే ఉండేది. 1947 నుంచి 1967 దాకా నూటయాభైకి పైగా మలయ్ సినిమాలు అక్కడ తయారయ్యాయి. తెర మీద మలయ్ నటులు. దర్శకులు మాత్రం తొలినాళ్లలో చాలావరకు భారతీయులే: బి.ఎస్. రాజ్‌హన్స్, మద్రాసులో పుట్టిన ఎల్. కృష్ణన్, బెంగాలీ ఫణి మజుందార్. కథ నడుమ పాట పెట్టడం, ముందే రికార్డు చేసిన ఆ పాటకు సెట్లో పెదవులు కలపడం అక్కడా మామూలైపోయాయి.

పినాంగ్ కుర్రాడు పి. రామ్లీ పాట విని 1948లో సినిమాల్లోకి తెచ్చింది రాజ్‌హన్సే. మొదటి సినిమా 'చింతా'లో అతనిది విలన్ వేషం. హీరో రూమాయ్ నూర్‌కు పాడిందీ అతనే! తన గొంతు ఇంకొకరి పెదవుల మీద ఎలా ఒదుగుతుందో తొలి సినిమాలోనే చూసినవాడికి, పాట తీయడంలో సగం విద్య అప్పుడే పట్టుబడి ఉంటుందని నా నమ్మకం. 1955లో సైకిల్ రిక్షావాడి కథ 'పెనారెక్ బెచా'తో దర్శకుడయ్యాడు. హీరో వేషమూ తనే వేశాడు. మజుందార్ తీసిన 'అనక్కు సజాలి'లో తండ్రీ కొడుకులు ఇద్దరూ ఆయనే. 'బుజంగ్ లపోక్'లో కడుపుబ్బ నవ్వించాడు. మలయ్ జోగెట్, ఇనాంగ్ నృత్యాల నడకలను రుంబా, చాచా లయలతో కలిపి బాణీలు కట్టాడు.

ఈ విద్యలన్నీ ఒక్కచోట చూడాలంటే 1962 నాటి 'ఇబు మెర్తువాకు' చూడాలి. కాసిం సెలామత్ శాక్సఫోన్ వాయిద్యకారుడు. రేడియోలో అతని పాట విని సబారియా అనే గొప్పింటి పిల్ల మనసు పారేసుకుంటుంది. పాటగాడు అల్లుడు కావడం తల్లికి సుతరామూ ఇష్టం లేదు. పెళ్లయ్యాక ఇద్దరినీ విడదీసి, కూతురు చనిపోయిందని అల్లుడికి అబద్ధం చెబుతుంది. ఏడ్చి ఏడ్చి అతని చూపు పోతుంది. ఆ దుఃఖాన్ని మాటలకన్నా పాటే ఎక్కువగా మోస్తుంది. చివరికి చూపు తిరిగొస్తుంది. వైద్యం చేసిన డాక్టరే ఇప్పుడు సబారియా భర్త అని తెలిసి, ఫోర్కులతో తన కళ్లు తానే పొడుచుకుంటాడు. దర్శకుడూ నటుడూ గాయకుడూ సంగీతకర్తా ఒక్కరే కావడంతో ఏ భావాన్ని ముఖానికి వదలాలో, దేన్ని బాణీకి అప్పగించాలో ఎక్కడా తడబాటు లేదు. 1963లో టోక్యో ఆసియా చలనచిత్రోత్సవం రామ్లీకి బహుముఖ ప్రతిభకు ప్రత్యేక పురస్కారం ఇచ్చింది.

ఒక్కరే ఇన్ని పనులు చేయడం మన తెలుగువాళ్లకు కొత్తేమీ కాదు. నాగయ్య నటించి, పాడి, 'త్యాగయ్య'కు దర్శకత్వం వహించారు. భానుమతి 'చండీరాణి'ని ఒకేసారి మూడు భాషల్లో తీశారు. రామ్లీని వాళ్ల సరసన నిలిపి చూడాలంటాను.

1964లో ఆయన కౌలాలంపూర్ మెర్దెకా స్టూడియోకు మారాడు. జలాన్ అంపాస్‌లో అలవాటైన బృందం అక్కడ లేదు. ఆ లోటు తర్వాతి సినిమాల్లో తెలుస్తూనే ఉంటుంది. 1973లో, 44 ఏళ్లకే కన్నుమూశాడు. సింగపూర్ తెలుగువాళ్లు ఎవరైనా ఆయన సినిమా ఒక్కటే చూస్తామంటే 'ఇబు మెర్తువాకు'నే చూడమంటాను. సబ్‌టైటిల్స్ దొరికితే సరే, దొరక్కపోయినా పాటలొచ్చేసరికి కథ తెలిసిపోతుంది.