రెండు వరుసల ఆకు, రెండు పాదాల పాట

వృక్షశాస్త్రంలో అరుదుగా వినిపించే మాట ఒకటుంది: డిస్టికస్. కాండానికి ఇటొక వరుస, అటొక వరుసగా ఆకులు అమరి ఉంటే ఆ మొక్కను ఇలా పిలుస్తారు. గ్రీకు భాషలో స్టిఖోస్ అంటే వరుస. సైనికుల వరుసకూ అదే మాట, పద్యంలోని పాదానికీ అదే మాట. రెండు పాదాల పద్యం డిస్టిఖోన్ అయింది. రెండు వరుసల ఆకు డిస్టికస్ అయింది. చెట్టును చూసే మనిషికీ, పాట కట్టే మనిషికీ ఆ భాష ఒకే కొలమానం ఇచ్చింది.

తెలుగులో దానికి దగ్గరి మాట ద్విపద. మన పిల్లలకు ఇది రెండు తరగతి గదుల్లో ఎదురవుతుంది. తెలుగు పీరియడులో అది ఛందస్సు. ఇంటర్మీడియట్ లెక్కల పుస్తకంలో ద్విపద సిద్ధాంతం. మూడో గదిలో, అంటే వృక్షశాస్త్రం చెప్పేచోట, ఈ మాట వినిపించదు. అక్కడ పత్రవిన్యాసం అని శీర్షిక పెట్టి ఏకాంతర, అభిముఖ, చక్రీయ అని మూడు రకాలు చెప్తారు. పిల్లలు వాటిని కంఠస్థం చేస్తారు, పరీక్షలో రాస్తారు, మరిచిపోతారు. ఈ మూడు గదుల మధ్య గోడ ఎందుకు లేచింది? దానివల్ల ఎవరు నష్టపోయారు? ఈ వ్యాసం అడిగే ప్రశ్నలివే.

ముందు ఆకు సంగతి చూద్దాం. ఎర్రగుంట్ల, ప్రొద్దుటూరు, జమ్మలమడుగు నల్లరేగడి చేలల్లో ఇప్పుడు శనగ పరుచుకుంది గానీ జొన్న ఎలా ఉంటుందో తెలియని పిల్లలు అరుదు. జొన్నదంటును ముందు నుంచి చూడండి. ఒక ఆకు కుడికి, దాని పైకణుపులో ఆకు ఎడమకు, మళ్ళీ పైది కుడికి. మూడో ఆకు సరిగ్గా మొదటి ఆకు నెత్తి మీదికి వస్తుంది. ఒక ఆకు నుంచి తరవాతి ఆకుకు సగం చుట్టు, అంటే 180 డిగ్రీలు. గుట్టల మీది రేగుకొమ్మ, సీతాఫలం కొమ్మ కూడా ఇలాగే ఆకులను రెండు వరుసల్లో పరుస్తాయి. మడికట్ల పక్కన పెరిగే తుంగకు మూడు వరుసలు. అందుకే దాని కాడ మూడు పలకలుగా ఉంటుంది. గన్నేరుకు కణుపుకు మూడేసి ఆకులు, చుట్టూ తిరిగి. జిల్లేడుకు ప్రతి కణుపులో రెండు ఆకులు ఎదురెదురుగా ఉంటాయి. ఆ పైజంట కింది జంటకు అడ్డంగా తిరిగి ఉంటుంది. మేకలు కాసే పిల్లవాడికి వీటిలో ఏదీ కొత్త విషయం కాదు. వాడికి కొత్తది పుస్తకంలోని పేరు మాత్రమే.

ఇక ద్విపద. పేరు చెప్పినట్టే రెండు పాదాలు. ఒక్కో పాదంలో మూడు ఇంద్రగణాలు, చివర ఒక సూర్యగణం. మూడో గణం మొదటి అక్షరానికి పాదం మొదటి అక్షరంతో యతి. రెండు పాదాల్లోనూ రెండో అక్షరం ఒకటే కావాలి, అది ప్రాస. ప్రాస వదిలేస్తే మంజరీ ద్విపద. లెక్క చూపడానికి రెండు పాదాలు కట్టి చూద్దాం:

జొన్నచేనాకులు జోడువరుసలు
అన్న పాడిన మాట అందించు చెల్లి

జొన్నచే, నాకులు, జోడువ, రుసలు: మూడు ఇంద్రగణాలు, ఒక సూర్యగణం. అన్నపా, డినమాట, అందించు, చెల్లి: మళ్ళీ అంతే. జొ-జో, అ-అం యతులు. ‘న్న’ ప్రాస. మొదటి పాదానికి 16 మాత్రలు, రెండో దానికి 18. కొలత సమానం కాకున్నా నడక తప్పదు. గణంలో నాలుగు మాత్రలున్నా అయిదున్నా గొంతు సర్దుకుంటుంది. ఒకే దంటు మీది ఆకులు పొడుగులో తేడా ఉన్నా వరుస తప్పనట్టే ఇదీ.

ద్విపద జొన్నదంటు లాంటిదా, జిల్లేడుకొమ్మ లాంటిదా? అచ్చులో చూస్తే జిల్లేడే. రెండు పాదాలు ప్రాస అనే ఒకే కణుపులో పుట్టి ఎదురెదురుగా నిలుస్తాయి. తరవాతి ద్విపదకు ప్రాస మారుతుంది, అంటే జంట తిరుగుతుంది. పాడినప్పుడు మాత్రం అది జొన్న అవుతుంది. ఒకరు ఒక పాదం అంటారు, గుంపు రెండోది అందుకుంటుంది. కాలంలో ఒకటి తరవాత ఒకటి, ఇటూ అటూ, ఎంత దూరమైనా. కలుపు తీసేచోట, పెళ్ళిలో, జాతరలో పాట నడిచే తీరు ఇది. నాలుగు పాదాలతో ముగిసిపోయే వృత్తపద్యానికి ఈ సాగుడు లేదు. కథ ఎంత పొడుగైతే ద్విపద అంత పొడుగు పెరుగుతుంది. ఛందోగ్రంథాలు అచ్చులోని ద్విపదను వర్ణించాయి. పాడే ద్విపదను వర్ణించాల్సిన పని ఇంకా మన ముందుంది.

ఆకుకూ పద్యానికీ మధ్య పోలిక ఇంతటితో ఆగదు, లెక్కలోనూ కలుస్తుంది. లఘువు ఒక మాత్ర, గురువు రెండు మాత్రలు. మూడు మాత్రలను ఎన్ని రకాలుగా అమర్చవచ్చు? మూడు. నాలుగు మాత్రలకు అయిదు, అయిదు మాత్రలకు ఎనిమిది, ఆరింటికి పదమూడు. ఏ అమరికైనా లఘువుతో ముగియాలి, లేదా గురువుతో ముగియాలి. కాబట్టి ముందున్న రెండు సంఖ్యలను కూడితే తరవాతి సంఖ్య వస్తుంది. ఛందస్సు రాసిన విరహాంకుడు, 1150 ప్రాంతంలో హేమచంద్రుడు ఈ లెక్క చెప్పారు. ఇటలీకి చెందిన ఫిబొనాచ్చి పుస్తకం వచ్చింది 1202లో. ఇప్పుడు కొమ్మ వైపు చూడండి. జొన్నలో ఆకుకూ ఆకుకూ మధ్య 1/2 చుట్టు. తుంగలో 1/3. మందారలో రెండు చుట్లు తిరిగాక ఆరో ఆకు మొదటి ఆకు పైకి వస్తుంది, కాబట్టి 2/5. ఇంకొన్ని మొక్కల్లో 3/8, 5/13. పద్యం లెక్కలో వచ్చిన సంఖ్యలే ఇవి. ఇందులో మహిమ ఏమీ లేదు. పద్యంలో ముందరి రెండు మెట్లు కలిసి మూడో మెట్టు అవుతుంది. కొమ్మ చివర కొత్త ఆకు పాత ఆకుల మధ్య ఖాళీ ఎక్కడుంటే అక్కడ మొలుస్తుంది. రెండు వేర్వేరు కారణాలు ఒకే సంఖ్యల దగ్గర కలుసుకున్నాయి. అన్ని మొక్కలూ ఈ వరుసకు లోబడవని కూడా పిల్లలకు చెప్పాలి.

ఈ లెక్కతో ద్విపదను పరీక్షిస్తే ఒక సంగతి తేలుతుంది. మూడు మాత్రల అమరికలు మూడు ఉంటే తెలుగు సూర్యగణాలు తీసుకున్నవి రెండే: హ, న. లఘువు తరవాత గురువు వచ్చే అమరికను వదిలేశాయి. నాలుగు మాత్రల అయిదింటిలో ఇంద్రగణాలు తీసుకున్నవి రెండు: నల, భ. అయిదు మాత్రల ఎనిమిదింటిలో నాలుగు: నగ, సల, ర, త. ఒక లఘువు వెంటనే గురువుతో మొదలయ్యే గణం ఈ ఎనిమిదింటిలో ఒక్కటీ లేదు. తెలుగు నోటికి ఆ ఎత్తుగడ నచ్చలేదన్నమాట. అయినా ఒక్క పాదానికే 6×6×6×2, అంటే 432 నడకలు మిగిలాయి. ఈ ఎంపికను ఏ రాజూ శాసించలేదు. పాడే గొంతులు చేసిన ఎంపిక ఇది, లక్షణకారులు తరవాత రాసుకున్నారు.

గొంతులు చేసిన ఛందస్సు ఎవరి చేతుల్లోకి పోయిందో చూడాలి. ఎర్రగుంట్ల మండలంలోనే కలమళ్ళ ఉంది. అక్కడి రేనాటి చోళుడు ఎరికల్ ముత్తురాజు ధనంజయుడి శాసనం సుమారు 575 నాటిది, తెలుగులో తొలి శాసనంగా పేరు పొందింది. అది వచనం. పద్యం శాసనంలోకి ఎక్కడానికి ఇంకా సుమారు 270 ఏళ్ళు పట్టింది. తొలి పద్యశాసనంగా చెప్పుకొనే అద్దంకి శాసనం 848 నాటిది, అందులోని పద్యం తరువోజ. ఒక తరువోజ పాదమంటే రెండు ద్విపద పాదాలు పక్కపక్కన పెట్టినట్టే. అంటే రాతికెక్కిన తొలి పద్యం కూడా ద్విపద వేరు మీదే మొలిచింది. ఆ పద్యం ఏం చెప్తుంది? గుణగ విజయాదిత్యుడి సేనాని పండరంగడు బోయల పన్నెండు కొట్టాలను గెలిచాడని చెప్తుంది. పాఠ్యపుస్తకంలో మనం దీన్ని తరువోజకు ఉదాహరణగా చదువుతాం. గణాలు విడదీస్తాం, యతి గుర్తిస్తాం. ఆ కొట్టాల్లో ఉన్నవాళ్ళు ఏమయ్యారని అడగం. ఛందస్సు చెప్పే ఉపాధ్యాయుడు ఆ ప్రశ్న కూడా అడగాలి. నడక జనానిది, పొగడ్త సేనానిది.

అదే నడక మరో దారిలో కూడా పోయింది. 13వ శతాబ్దంలో పాల్కురికి సోమనాథుడు మార్గకవుల సంస్కృత వృత్తాలు పక్కన పెట్టి బసవపురాణాన్ని ద్విపదలో చెప్పాడు. పండితులకు కాక జనానికి అందాలని జాను తెనుగు ఎంచుకున్నాడు. అందులో వేటగాడు కన్నప్ప కథ ఉంది. మాంసం నైవేద్యం పెట్టి, కళ్ళు పెరికి ఇచ్చిన మనిషి అక్కడ అందరికన్నా పెద్ద భక్తుడు. ఆ ఉడుమూరు మన రాజంపేట దగ్గరి ఊటుకూరేనని అక్కడివాళ్ళ నమ్మకం. గోన బుద్ధారెడ్డి పేరు మీద ఉన్న రంగనాథ రామాయణం ద్విపద. తాళ్ళపాక తిమ్మక్క సుభద్రా కళ్యాణం ద్విపద నడకే. ప్రొద్దుటూరులో జీవించిన పుట్టపర్తి నారాయణాచార్యులు పండరీ భాగవతాన్ని ద్విపదలోనే రాశారు. ఇంత చరిత్ర ఉన్నా పండితలోకం ద్విపదను చిన్నచూపే చూసింది. ద్విపద కావ్యాన్ని ముసలి వేశ్యతో జతచేసి వెక్కిరించిన చాటువు ఒకటి ఇప్పటికీ కొందరు సరదాగా చెప్పుకుంటారు. అందులో అవమానపడింది ఛందస్సు ఒక్కటే కాదు, ఆ ఛందస్సును పాడిన నోళ్ళు కూడా. ముసలి ఆడమనిషిని, పాటపాడే పేదవాణ్ణి ఒకే దెబ్బతో కొట్టిన మాట అది.

గిరిజన సాహిత్య విమర్శకు ఇక్కడ రెండు పనులున్నాయి. మొదటిది, మన పాటలను ‘జానపదం’ అనే ఒక్క గంపలో వేసి వదిలెయ్యకుండా కొలవడం. భావం బాగుంది, అమాయకంగా ఉంది అని మెచ్చుకోవడం విమర్శ కాదు. పాదానికి ఎన్ని దెబ్బలు, గుంపు ఎక్కడ అందుకుంటుంది, మొదటి అక్షరాలు కలుస్తాయా, రెండో అక్షరాలు కలుస్తాయా, చివర ఏ మాట మళ్ళీ వస్తుంది అని రాయాలి. రెండోది, కొలిచేటప్పుడు తెలుగు గణాలను బలవంతంగా తొడగకపోవడం. సుగాలీల గోర్ బోలి ఉత్తరాది భాషల కుటుంబానిది. ఎరుకల కుర్రు భాష ద్రావిడమే, తమిళానికి దగ్గర. యానాదుల పాట చాలావరకు తెలుగులోనే నడుస్తుంది. ఈ మూడింటినీ ఇంద్రగణాల త్రాసులో పెట్టి ‘తప్పు’ అంటే అది జిల్లేడును చూసి జొన్న కాలేదని తిట్టడం లాంటిది. కన్నడం తన త్రిపదిని నిలుపుకుంది, సర్వజ్ఞుడి మాటలు అందులోనే బతికాయి. మన తండాల పాట ఎన్ని వరుసలదో మనమే చూసి చెప్పాలి.

పేర్ల విషయంలో కూడా ఇదే న్యాయం. 1968లో తెలుగు అకాడమి ఏర్పడ్డాక ఉన్నత చదువులకు తెలుగు పుస్తకాలు వచ్చాయి. అది పెద్ద మేలు, దాన్ని తక్కువ చెయ్యకూడదు. అయితే పారిభాషిక పదాలు ఎక్కువగా సంస్కృతం నుంచే వచ్చాయి. అభిముఖ అని నేర్పినప్పుడు జిల్లేడు చూపించి ‘ఎదురాకు’ అని కూడా అంటే పోయేదేముంది? మొలక రెండోసారి ఆకు వేస్తే ‘మారాకు వేసింది’ అనే మాట తెలుగు రైతుకు ఎప్పటి నుంచో ఉంది. ఆకు వరుసను గమనించిన కన్ను ఆ మాటలో ఉంది. డిస్టికస్‌కు ‘జంటవరుస’ అనవచ్చు. దాన్ని నేరుగా ద్విపద అనడం మాత్రం పొరపాటవుతుంది. లెక్కల్లో, ఛందస్సులో ఇప్పటికే పనిచేస్తున్న మాట మీద మూడో బరువు పెడితే పిల్లలు తికమకపడతారు. మాట వేరుగా ఉంచి, పోలిక చూపిస్తే చాలు. ఈ పేర్లతో పాటు పెద్ద పరీక్షల్లో అడిగే ఇంగ్లీషు, సంస్కృత పదాలు కూడా మన పిల్లలకు రావాలి. ఇంటిమాటతో మొదలుపెట్టి పరీక్షమాట దాకా తీసుకుపోవడమే బడి పని. ఇప్పుడు జరుగుతున్నది పరీక్షమాట ఇచ్చి ఇంటిమాటను మరిపించడం.

ఆకుకూ అక్షరానికీ మన దేశంలో పాత చుట్టరికం ఉంది. పుస్తకం అంటే తాటాకుల కట్ట. కడపలో ఉన్న కాలంలో సి.పి. బ్రౌన్ సేకరించి, శుద్ధప్రతులు రాయించినవి అలాంటి కట్టల్లోనివే. తాటాకు మీదికి ఎక్కిన పాట మిగిలింది, ఎక్కనిది పాడేవాళ్ళతో పోయింది. మన పాటలు ఎక్కువగా రెండో రకానివి. వాటిని పోగొట్టుకోకుండా ఉండాలంటే సెల్‌ఫోనులో రికార్డు చెయ్యడం ఒక్కటే చాలదు, వాటి కట్టుబడి రాయాలి.

అందుకే ఉపాధ్యాయులకు ఒక విన్నపం. ఏడాదిలో ఒక్కరోజు తెలుగు, లెక్కలు, సైన్సు పీరియడ్లు మూడూ కలపండి. ప్రతి పిల్లా ఒక కొమ్మ, ఇంటి నుంచి ఒక పాట తేవాలి. కొమ్మ మీద మొదటి ఆకు నెత్తిన మళ్ళీ ఎన్నో ఆకు వస్తుందో దారం చుట్టి లెక్కపెట్టించండి. పాటలో గుంపు ఎన్నో దెబ్బకు అందుకుంటుందో చప్పట్లతో లెక్కపెట్టించండి. ఆ ఆకు అమరికకు ఇంట్లో నానమ్మ వాడే మాట ఏదో, గోర్ బోలిలో ఏదో, కుర్రులో ఏదో పక్కన రాయించండి. మాట దొరక్కపోతే ఆ గడి ఖాళీగా ఉంచండి, పుస్తకం నుంచి తెచ్చి నింపకండి. ఆ కాగితాలు పారెయ్యకుండా బడిలో దాచండి. పాట పెట్టినవాళ్ళ పేరు, తండా పేరు వాళ్ళ అనుమతితోనే రాయండి. మన పదకోశం, మన ఛందోగ్రంథం రాయడానికి ముడిసరుకు ఆ కాగితాల్లోనే ఉంటుంది.